సీసాలోని పొంగు

హిందూపురం
9-2-1958

అన్న ఆదినారాయణకు ఈశ్వరి రాసుకునేది,

పోయిన నెల నువ్వు వచ్చి వెళ్ళినప్పటి నుంచి నా కూతురు నన్ను కూర్చోనివ్వడం లేదు. బెంగళూరు దండు కంటోన్మెంటు నుంచి నువ్వు కాగితం పొట్లంలో తెచ్చిన ఆ చిల్లు రొట్టె మళ్ళీ కావాలట. డోనట్ అనే మాట నాకే సరిగా నోరు తిరగదు, ఆరేళ్ళ చౌడేశ్వరి మాత్రం వీధిలో అందరికీ నేర్పించింది.

దానికంటే మా మామ సంగతి ఇంకో రకం. మూడు నెలలుగా ఆయన మనసు తీపి మీదికి పోయింది. సాయంత్రమైతే వసారాలో అటూ ఇటూ తిరుగుతాడు. ఏదో ఒక తీపి చేతిలో పెడితే కూర్చుంటాడు, లేకపోతే చెప్పులు తొడుక్కుంటాడు. ఆయన చెప్పులు తొడుక్కుంటే మా అత్త పుట్టమ్మ ముఖం మాడిపోతుంది. ఎందుకని అడగవద్దు. కజ్జికాయలు, అరిసెలు, బొరుగుల ఉండలు అన్నీ అయినాయి. ఆ రోజు నువ్వు తెచ్చినదాన్ని ఆయన సగం తిని, మిగిలిన సగాన్ని వెలుతురుకు పెట్టి చూసినాడు. "గాజు పూత పూసినట్టుండాదే" అన్నాడు.

నువ్వు దండులో ఆ రొట్టెల అంగట్లో తొమ్మిదేళ్ళు లెక్కలు రాసినావు. చూడకుండా ఉండవు. ఇంట్లో చేసుకునే పద్ధతి నాకు అర్థమయ్యేట్టు రాయి. నీ ఉత్తరాలు రెండు వాక్యాలకు మించవు. ఈసారి మాత్రం నాలుగు రాయాలి.

ఈశ్వరి


ధర్మవరం
14-2-1958

ఈశ్వరికి,

ఉత్తరం అందింది. పట్టునూలు అంగట్లో ఈ వారం పని ఎక్కువ, అందుకే ఆలస్యం. దండులో ఉన్నప్పుడు నా రోజు పుస్తకంలో కొలతలు రాసి పెట్టుకున్నాను. చూసి రాస్తున్నాను.

మైదా అర సేరు, జల్లించినది. చక్కెర ఆరు తులాలు. వెన్న నాలుగు తులాలు. ఉప్పు చిటికెడు. గోరువెచ్చని పాలు అర గ్లాసు. వీటితోపాటు పిండిని పొంగించేది ఒకటి కావాలి. అది హిందూపురం అంగళ్ళలో దొరకదు. వచ్చే గురువారం పెనుకొండ పోతున్నాను. ఒక సీసాలో పోసి అక్కడ మన ఓబులమ్మ పిన్నమ్మకు ఇస్తాను. ఆమె మీ ఊరి సంతకు వచ్చేటప్పుడు తెస్తుంది. అందిన రోజే వాడు. బిరడా బిగించవద్దు, ఎగిరిపోతుంది. పాలతో సమంగా అర గ్లాసు పోసి కలుపు.

పిండి చేతికి కొంచెం అంటుకునేట్టుగానే ఉండాలి. చాలాసేపు పిసుకు. తడి గుడ్డ కప్పి పొయ్యికి మూరెడు దూరంలో పెట్టు. రెండింతలు అయ్యేదాకా ముట్టుకోవద్దు. తర్వాత అర అంగుళం మందాన తట్టి, గ్లాసు అంచుతో గుండ్రంగా కోసి, నడిమి చిల్లుకు మందు సీసా మూత వాడు. కోసినవాటిని మళ్ళీ అరగంట పొంగనివ్వు. శనక్కాయల నూనెలో చిన్న ముక్క వేస్తే అడుగుకు పోయి, మూడు లెక్కపెట్టేలోగా పైకి రావాలి. అప్పుడు వెయ్యి. మంట పెంచితే లోపల పచ్చిగా ఉంటుంది.

పూతకు చక్కెరను రోట్లో నూరి పలచని గుడ్డలో వస్త్రగాళం పట్టు. వేడి పాలు చెంచా చెంచాగా పోస్తూ కలుపు. గరిటె వెనక అంటుకుని నిలిస్తే చాలు. రొట్టె వేడిగా ఉన్నప్పుడే ముంచి తియ్యి. ఆరితే గాజు మాదిరి అవుతుంది.

ఎన్ని వచ్చినాయో, ఎవరు ఎన్ని తిన్నారో రాయి. పుస్తకంలో ఎక్కించుకుంటాను.

ఆదినారాయణ


హిందూపురం
2-3-1958

అన్నా,

పదహారు వచ్చినాయి. మొదటి రెండు మాడినాయి, వాటిని లెక్కలో వేసుకోవద్దు.

పిన్నమ్మ సీసాను కొంగులో చుట్టి చంటిబిడ్డను ఎత్తుకున్నట్టు తెచ్చింది. బస్సు సోమందేపల్లి దాటినాక బిరడా టప్పుమని ఎగిరితే పక్కనామె ఉలిక్కిపడిందట. నేను మూత తీస్తే పుల్లటి వాసన గుప్పుమంది. ఏమిటది అని అత్త అడిగితే పులిసిన మజ్జిగ తేట అన్నాను, నాకూ తెలియదు కాబట్టి. కానీ పిండి పొంగిన తీరు చూసి నాకే భయం వేసింది. గిన్నె మీది గుడ్డను ఎత్తి పడేసింది.

మా అత్త మొదట ముట్టలేదు. "వడకు చక్కెర పూస్తే దొరసాని అయిపోతాదా" అనింది. తర్వాత ఒకటి తిని, రెండోది తుంచి తుంచి మొత్తం తిన్నది. పాపకు రెండు, మీ బావకు మూడు, నాకు రెండు. మామ మొదటిదాన్ని నోటి దగ్గరికి తీసుకుపోయి ఆపినాడు. బాగాలేదేమో అనుకున్నాను. అంతలో కొరికినాడు. "దూది మాదిరి ఉండాది, ఇంకోటి పెట్టమ్మా" అన్నాడు. అట్లా నాలుగు తిన్నాడు. ఆ సాయంత్రం చెప్పుల వైపు చూడలేదు.

ఒక వింత చెప్పాలి. చెంబు కూడా కడగని మనిషి ఆ ఖాళీ సీసాను తానే దొడ్లోకి తీసుకుపోయి కడిగి, బోర్లించి పెట్టినాడు. మరునాటికని పాప కోసం మూడు ఉట్టిలో దాచినాను. పొద్దున చూస్తే లేవు. పిల్లి మీద వేసినాము.

ఇంకో సీసా పంపుతావా. ఈ మాట నాది కాదు. "మీ అన్నకు రాయి, ఉగాదికి చేసుకుందాం" అని మామే రెండుసార్లు అన్నాడు. ఆయన నోరు తెరిచి ఏదైనా అడగడం నేను కాపురానికి వచ్చినాక ఇదే మొదలు.

ఈశ్వరి


ధర్మవరం
7-3-1958

ఈశ్వరికి,

పదహారు, మామకు నాలుగు, పిల్లికి మూడు అని రాసుకున్నాను. అర సేరుకు పదహారు సరైన లెక్కే. దండులో పద్నాలుగు వచ్చేవి, వాళ్ళ గ్లాసు పెద్దది.

ఉగాది ముందు రోజుకు సీసా పిన్నమ్మ దగ్గర ఉంటుంది. మామ ఇష్టపడినందుకు సంతోషం.

ఆదినారాయణ


హిందూపురం
8-4-1958

అన్నా,

పాపకు పదకొండు రోజులుగా జ్వరం. మొదట ఎండదెబ్బ అనుకున్నాము. డాక్టరు చూసి విషజ్వరం అన్నాడు, టైఫాయిడ్ అట. మాత్రలు ఇచ్చినాడు, మూడు వారాలు గడవాలి అన్నాడు. పొద్దున కొంచెం తగ్గుతుంది, మధ్యాహ్నానికి మళ్ళీ కాలిపోతుంది. నాలుక మీద తెల్లగా పేరుకుంది. డోనట్ అని అందరికీ నేర్పించిన పిల్ల నీళ్ళు అని అడగడానికి కూడా పెదవి విప్పడం లేదు.

ఇంట్లో ఇంకో మంట రేగింది. అది నీకు చెప్పక తప్పదు. ఇన్నాళ్ళూ చెప్పనిది మా ఇంటి మర్యాద కోసం. మామ నలభై ఏళ్ళు కల్లు తాగినాడు. నిషేధం వచ్చినాక కూడా దొంగచాటుగా గీసేవాళ్ళను వెతుక్కుంటూ పోయేవాడు. పోయిన కార్తీకంలో ఒక రోజు చెరువు కట్ట కింద పడిపోతే నలుగురు మోసుకొచ్చినారు. పాప చూసి కేకలు పెట్టింది. ఆ తర్వాతి సోమవారం ఆయన తలస్నానం చేసి, అందరినీ చౌడమ్మ గుడికి తీసుకుపోయి, పాపను ముందు నిలబెట్టుకున్నాడు. "ఈ బిడ్డ తల మీద చెయ్యి పెట్టి చెప్తాండా. ఇంక కల్లు నా నాలికకు తగలదు. తగిలితే ఆ తల్లే చూసుకుంటాది" అన్నాడు. ఆయనకు తీపి పిచ్చి పట్టింది అప్పటి నుంచే. ఆయనను ఇంట్లో కూర్చోబెట్టడానికే నిన్ను ఆ రొట్టెల సంగతి అడిగినాను.

ఇప్పుడు గుడి దగ్గర సోది చెప్పే వెంకటక్క, ఈ ఇంట్లో ఎవరో మాట తప్పినారు అనింది. మా అత్త ఇంటికి వచ్చి ఆయన ముందు నిలబడి, "యాడ తాగినావో చెప్పు" అని ఒకటే మాట. ఆయన అవుననడు, కాదనడు. అన్నం ముందు కూర్చుని లేచిపోతున్నాడు.

ఆయన తాగలేదు అన్నా. నేను సాక్షి. అయిదు నెలలుగా చీకటి పడినాక గడప దాటలేదు. ఆ మాట ఎన్నిసార్లు చెప్పినా అత్త వినడం లేదు. నేను చెప్పేటప్పుడు ఆయన నా ముఖం చూడడం లేదు.

పాప కోసం దేవుడికి దండం పెట్టుకో.

ఈశ్వరి


ధర్మవరం
11-4-1958
(కార్డు)

ఈశ్వరికి,

పాపకు కాచి చల్లార్చిన నీళ్ళే ఇవ్వు. గట్టి ఆహారం వద్దు. పూటపూటకు జ్వరం ఎంత ఉందో ఒక కాగితం మీద రాసి డాక్టరుకు చూపించు. మాత్రలు వేళ తప్పవద్దు.

ఆ రొట్టెలు ఇప్పుడు చెయ్యవద్దు. సీసాలో ఏమైనా మిగిలి ఉంటే పారబొయ్యి. సీసా కూడా ఇంట్లో ఉంచవద్దు.

ఆదినారాయణ


హిందూపురం
14-4-1958

అన్నా,

నీ కార్డు పోస్టు జవాను వాకిట్లో ఇస్తే నేనే అందరికీ చదివి వినిపించినాను, మా ఇంట్లో అదే అలవాటు. సీసా దగ్గరికి వచ్చేసరికి ఆ రెండు వాక్యాలు మింగేసినాను.

ఆ సీసాలో ఏముంది. పాప రెండుసార్లూ తిన్నది. ఉగాదికి మూడు తిన్నది. ఏదైనా కెమికల్ మందా. నా చేతులతో నా బిడ్డకు ఏం పెట్టినాను. డాక్టరును అడగాలంటే దాని పేరైనా తెలియాలి కదా. నువ్వు ఎప్పుడూ తక్కువ మాట్లాడతావు, దానికి నాకు బాధ లేదు. ఇప్పుడు మాత్రం మాట్లాడకపోతే నేను ఊరుకోను.

జ్వరం అట్లాగే ఉంది. పదిహేడో రోజు.

వచ్చే మంగళవారం, అంటే ఇరవై రెండో తేదీ, మామ చౌడమ్మ ముందు ప్రమాణం చెయ్యాలని అత్త పట్టు పట్టింది. అరచేతిలో కర్పూరం వెలిగించుకుని, అది ఆరిపోయేలోగా తాగలేదని చెప్పాలి. అబద్ధం చెప్పినవాడి ఇంట్లో దీపం నిలవదు అంటారు మా వైపు. పిల్ల ఈ స్థితిలో ఉండగా అది తలచుకుంటే నాకు భయంగా ఉంది. కానీ ఆయన తాగలేదు కదా, చెప్తే చెప్పనీ అని కూడా అనిపిస్తుంది. ఆయన మాత్రం సరేనన్నాడు.

తిరుగు టపాలో రాయి.

ఈశ్వరి


పెనుకొండ
21-4-1958

ఈశ్వరికి,

ఈ ఉత్తరం ఓబులమ్మ పిన్నమ్మ పొద్దుటి బస్సుకు తెచ్చి నీ చేతికే ఇస్తుంది. దీన్ని ఒంటరిగా చదువు.

సీసాలో ఉన్నది ఈత కల్లు.

యుద్ధకాలంలో దండులో ఈస్టు డబ్బాలు రావడం ఆగిపోయినప్పుడు మా అంగడి ముసలి బట్లరు కల్లుతోనే పిండి పొంగించేవాడు. డబ్బాలు మళ్ళీ వచ్చినా ఆయన మానలేదు. మెత్తదనం దానితోనే వస్తుందనేవాడు. నాకు తెలిసిన పద్ధతి అదొక్కటే. పెనుకొండ పక్కన ఒకతను రహస్యంగా గీస్తాడు. పేరు రాయను. నీకు వచ్చే ఉత్తరాలు అందరి ముందూ చదువుతావు. కల్లు అని రాస్తే మీ అత్త పొయ్యి ఎక్కనివ్వదు అనుకున్నాను. నిషేధం ఉన్న సరుకును కాగితం మీద పెట్టడానికీ భయపడ్డాను. పిన్నమ్మకు కూడా చెప్పలేదు. కనిపెట్టిందో లేదో తెలియదు.

పాప జ్వరానికి అది కారణం కాదు. ఇక్కడి కాంపౌండరును పేర్లు చెప్పకుండా అడిగినాను. నూనెలో కాలినాక దానిలో ఏమీ మిగలదు, టైఫాయిడ్ నీళ్ళ వల్ల వస్తుంది అన్నాడు. దాని గురించి భయపడవద్దు.

నా భయం ఇంకొకటి. మామ ఇచ్చిన మాట కల్లు నాలుకకు తగలదని. ఆయనకు తెలియకుండా నేను తగిలించినాను, రెండుసార్లు. ఆయన ప్రమాణం సంగతి నాకు ముందు తెలియదు. కానీ సీసాలో ఏముందో నాకు తెలుసు, చెప్పి ఉండవలసింది. నీ ఎనిమిదో తేదీ ఉత్తరం చదివిన రోజే చెప్పవలసింది. కార్డు రాసి తప్పించుకున్నాను. రేపు ఆయన తెలియక కర్పూరం పట్టి తాగలేదంటే ఆ అబద్ధం ఆయనది కాదు, నాది. కర్పూరం నా చేతిలో పెట్టమని మీ అత్తతో చెప్పు.

నేనే వచ్చి చెప్పాలని నిన్న ధర్మవరంలో హిందూపురానికే టికెట్టు తీసుకున్నాను. పెనుకొండలో బండి ఆగితే దిగిపోయినాను. ఎందుకు దిగినానో చెప్పలేను. మీ వసారాలో మామ ఎదురుగా కూర్చుని ఆ మాట అనడం తలచుకుంటే నాలుక కదలలేదు. రాయడం ఒకటే నాకు చేతనవుతుంది. పిన్నమ్మ ఇంట్లోనే ఉంటాను. రమ్మని కబురు పంపితే వస్తాను.

పాపకు ఎట్లా ఉందో తప్పక రాయి.

ఆదినారాయణ


హిందూపురం
23-4-1958

అన్నా,

ముందు ఇది చదువు. పాపకు జ్వరం దిగింది. ఆదివారం పొద్దున చెమట పట్టింది, మళ్ళీ పైకి పోలేదు. నిన్న అర గ్లాసు గంజి తాగింది. ఇవాళ నన్ను తిట్టింది.

నీ ఉత్తరం సోమవారం దొడ్లో నిలబడి చదివినాను. నీ మీద వచ్చిన కోపం ఇప్పుడు రాయను, మనిషివి వచ్చినప్పుడు చెప్తాను. ఒంటరిగా చదవమన్నావు, కానీ మరునాడు ప్రమాణం చెయ్యవలసింది ఆయన. అందుకని మామను ఎద్దుల కొట్టం దగ్గరికి పిలిచి మొత్తం వినిపించినాను. ఆయన గడ్డి వేసే గాటికి ఆనుకుని విన్నాడు. "ఇంకోసారి చదువు" అన్నాడు. రెండోసారి చదివినాక కాగితం అడిగి తీసుకుని, చదవడం రాకపోయినా మడిచి తలపాగాలో పెట్టుకున్నాడు. ఇవాళ పొద్దున నన్ను కూర్చోబెట్టి ఉత్తరం రాయమన్నాడు. ఒక్క మాట మార్చినా ఒప్పుకోనన్నాడు. ఇకమీద ఆయన మాటలే.

ఆదినారాయణా, నువ్వు భయపడి పెనుకొండలో కూసున్నావంట. భయపడాల్సింది నువ్వు గాదబ్బా. నలభై ఏండ్లు తాగినోన్ని. కల్లు వాసన నాకు తెలీకుండా పోతాదా. మొదటిది నోటికాడికి ఎత్తినప్పుడే తెల్సినాది. ఆపినా. కోడలు ముందర నిలబడి ఎట్లుందో చెప్తానేమోనని చూస్తాండాది. పెట్టేసి లేసిపోవచ్చు. కొరికినా. తెల్సే కొరికినా. తాగడం గాదు గదా, తినడమే గదా అని నాకు నేనే చెప్పుకున్నా. ఇంకో సీసా తెప్పించమన్నదీ నేనే. పండగ కోసరం గాదు.

సీసా కడిగింది మంచితనం గాదు. అడుగున బొటనవేలంత మిగిలినాది, ఎవరికన్నా వాసన తగుల్తాదని తీస్కపోయినా. దొడ్లో నిలబడి చానాసేపు దాన్నే చూసినా. పారబోసినా. ఆ ఒక్కటి మాత్రం చెప్పుకోగలను.

బిడ్డ జరంతో పడుకున్నాంక ఈ పాతిక దినాలు నా నోట్లోకి ముద్ద దిగలేదు. నా మూలానే అనుకున్నా. చెప్తే మీ అత్త ముఖం ఎట్ల చూసేదని చెప్పలేదు. నిన్న గుళ్ళో కర్పూరం పట్టినా. తాగలేదు అంటే నిజమే, ఎవురూ తప్పు పట్టలేరు. ఆ మాట నోటిదాకా వచ్చినాది. తలపాగాలో నీ కాగితం ఉండాది. తెలీక చేసినోడు చెయ్యి కాల్చుకుంటానంటాండాడు, తెల్సి చేసినోన్ని నేను దాని చాటున దాక్కోవాల్నా అనిపించినాది. తాగలేదు తల్లీ, తిన్నాను, తెల్సే తిన్నాను అని చెప్పినా.

మీ అత్త ఊరికే నిలబడినాది. అరిచేతికి సెగ ముదిరినాంక కొంగుతో ఒక్కటి కొట్టి కర్పూరం కింద పడేసినాది. "బిడ్డకు జరం దిగినాంక చెయ్యి కాల్చుకొని ఏం చేస్తావు, రేపు దుక్కికి మడక ఎవురు పడ్తారు" అనింది. ఇంటికొచ్చినాంక రెండు పూటలు మాట్లాడలా. ఈ పొద్దు సంగటి పెట్టినాది, నెయ్యి వెయ్యలా. వెయ్యకపోతే వెయ్యకపోనీ.

మళ్ళీ మాట ఇచ్చినా. ఈసారి బిడ్డ తల మీద చెయ్యి పెట్టలేదు. నా తల మీదే పెట్టుకున్నా.

ఇంకొకటి. నువ్వు ఎవురు ఎన్ని తిన్నారో పుస్తకంలో ఎక్కిస్తావంట. ఉట్లోవి తిన్నది పిల్లి గాదు. నాకు నాలుగు గాదు, ఏడు. దిద్దుకో.

కల్లు లేకుండా పొంగేది ఏదన్నా ఉంటే కనుక్కో. సాయంత్రమైతే ఈ చేతులు ఊరికే ఉండవు.

ఇంతవరకు ఆయన చెప్పినవి. ఏడు అన్నప్పుడు నేను కలం ఆపి చూసినాను. "రాయమ్మా" అన్నాడు, గోడ వైపు తిరిగి.

ఈశ్వరి


ధర్మవరం
1-5-1958

మామ ఎర్రిస్వామి గారికి నమస్కారం. ఈశ్వరి చదివి వినిపించవలసింది. అందరి ముందూ చదవవచ్చు.

నాలుగు రోజులుగా అంగడి మూసినాక చేసి చూస్తున్నాను. పులిసిన పెరుగు అర గ్లాసు, సోడా ఉప్పు పావు చెంచా. మొదటి రోజు సోడా ఎక్కువై చేదు వచ్చింది. రెండో రోజు సరిగా పొంగలేదు. మూడో రోజు పెరుగును ముందే గోరువెచ్చగా చేసి కలిపితే ముప్పాతిక పొంగింది. నాలుగో రోజూ అంతే. అంచు కొంచెం గట్టి. దూది మాదిరి ఉండదు, అబద్ధం చెప్పను. పూత మాత్రం బాగా నిలిచింది. పాపకు నెల దాకా నూనె వంటలు పెట్టవద్దు. అంతవరకు పూత పూసేటప్పుడు గిన్నె పట్టుకోనివ్వండి.

పుస్తకం తీసి చూసినాను. మీకు ఏడు, పిల్లికి ఏమీ లేదు అని దిద్దినాను. అదే పుటలో పైన, నేను పెనుకొండ పోయిన ఆ గురువారం తేదీ కింద, పొంగు నీళ్ళు ఒక సీసా అని ఉంది. ఆ పుస్తకం నేను తప్ప ఎవరూ చూడరు. అందులో కూడా పేరు రాసుకోలేదు. దాన్ని కొట్టివేసి కల్లు అని రాసినాను.

ఆదివారం బండికి వస్తున్నాను. పెరుగు, సోడా నేనే తెస్తాను. మైదా జల్లించి పెట్టమనండి. ఈసారి పెనుకొండలో దిగను.

ఆదినారాయణ